కొండకు ఆవల న్యాయము మారునా?



బడి పరీక్షల దినములలో నొక సాయంకాలము పొరుగింటి చిన్నవాడొకడు మా అరుగుమీద దీపము పెట్టుకొని భూగోళ పాఠము వల్లించుచుండెను. హిమాలయములు ఆసియాలో, ఆండీసు దక్షిణ అమెరికాలో, రాకీలు ఉత్తర అమెరికాలో, ఆల్ప్సు ఐరోపాలో, అట్లాసు ఆఫ్రికాలో అని పాటవలె చదువుచు, నడుమ ఆగి, పటము మా యెదుట పరచి యిట్లడిగెను:

"అయ్యగారూ, ఈ కొండలన్నీ సరిగ్గా దేశాల మధ్యనే ఎందుకున్నాయండీ? ఎవరు పెట్టారు?"

మాకు నవ్వు వచ్చెను. "బాబూ, దేశముల మధ్య కొండలను ఎవరును పెట్టలేదు. కొండలే ముందున్నవి. మనుష్యులు తరువాత వచ్చి, దాటుట కష్టమైనచోట ఆగి, ఇంతవరకు మాది, ఆవల మీది అని గీత గీసికొనిరి" అని చెప్పితిమి. వాడు సరేనని తిరిగి చదువులో పడెను. మాకు మాత్రము ఆ రాత్రి నిద్ర సరిగా పట్టలేదు. ఏలయనగా ఆ దినముననే, మా ఊరి సంతలో, మేమును అటువంటి గీత యొకటి గీసియుంటిమి. ఆ సంగతి దాచక తరువాత చెప్పెదము. ముందుగా ఆ పిల్లవాని పటమును మనము కూడ ఒకమారు చూతము.

హిమాలయములు పడమట నంగ పర్బతము మొదలు తూర్పున నామ్చా బర్వా వరకు దాదాపు 2,400 కిలోమీటర్లు విల్లువలె వంగియున్నవి. ఆండీసు పర్వతములు దక్షిణ అమెరికా పడమటి తీరము వెంబడి దాదాపు 7,000 కిలోమీటర్లు సాగి, వెనిజులా మొదలు చిలీ, అర్జెంటీనాల వరకు ఏడు దేశములను తాకుచున్నవి. నేలమీద అంతకంటె పొడవైన పర్వతపంక్తి లేదు. రాకీలు కెనడా ఉత్తర భాగము నుండి అమెరికా సంయుక్త రాష్ట్రములలోని న్యూ మెక్సికో వరకు దాదాపు 4,800 కిలోమీటర్లు దిగివచ్చుచున్నవి. ఆల్ప్సు 1,200 కిలోమీటర్లే గాని, ఎనిమిది దేశములు వాటిని పంచుకొన్నవి. అట్లాసు పర్వతములు మొరాకో, అల్జీరియా, ట్యునీషియా దేశములలో నున్నవి. కాకససు పర్వతములు నల్ల సముద్రమునకును కాస్పియన్ సముద్రమునకును నడుమ నున్నవి. ఆస్ట్రేలియా తూర్పు ప్రక్కన 3,500 కిలోమీటర్ల పొడవున నున్న పంక్తికి గ్రేట్ డివైడింగ్ రేంజి, అనగా గొప్ప విభాగపు శ్రేణి, అని పేరు. అది విభాగించునది మనుష్యులను కాదు, నీళ్లను. తూర్పున పడిన వాన పసిఫిక్ మహాసముద్రమునకును, పడమట పడిన వాన లోపలి నదులకును పోవును.

ఇంకను రెండు పంక్తులు చూడవలెను. రష్యాలోని యూరల్ పర్వతములు ఉత్తరము నుండి దక్షిణమునకు దాదాపు 2,500 కిలోమీటర్లున్నవి. ఐరోపాకును ఆసియాకును అవియే హద్దు అని పుస్తకములు చెప్పును. అయినను వాటికి రెండు వైపులను ఉన్నది ఒకే దేశము. దక్షిణ ధ్రువమున అంటార్కిటికా ఖండమును అడ్డముగా కోయు పర్వతపంక్తి 3,000 కిలోమీటర్లకు మించియున్నది. అచ్చట కొన్ని దేశములు తమ తమ హక్కులు చెప్పుకొన్నను, 1959లో చేసిన ఒడంబడిక ఆ హక్కుల తగవును ప్రక్కన పెట్టినది. అచ్చట కొండయున్నది గాని, "మావారు, మీవారు" అను మాట లేదు. కాబట్టి పిల్లవాని ప్రశ్నకు మన మొదటి జవాబు ఇది: కొండ తనంతట తాను హద్దు కాదు. దానిని హద్దు చేయునది మనుష్యుడు.

ఇక మన ప్రశ్నకు వత్తము. మనుష్యుడు కొండను హద్దు చేసినప్పుడు, ఆ హద్దుకు ఆవల ఏవేవి మారును? ఏవి మారకూడదు?

మారునవి చాల గలవు. కొండ దాటగానే భాష మారును, కట్టు మారును, కూడు మారును, పెండ్లి ఆచారము మారును. ఒక చోట రాగి అంబలి, ఇంకొక చోట వరి అన్నము, మరియొక చోట గోధుమ రొట్టె. దేశమును బట్టి చట్టములు కూడ మారును. ఒక దేశములో బండ్లు ఎడమ ప్రక్కన నడుచును, ఇంకొక దేశములో కుడి ప్రక్కన నడుచును. వీటిలో తప్పేమియు లేదు. తన ఊరి ఆచారమును లోకమంతటికి ఆజ్ఞగా చేయువాడు అవివేకి. ఇంతవరకు అందరమును ఒప్పుకొందుము.

అయితే న్యాయము సంగతి యేమి? ఫ్రాన్సు దేశపు జ్ఞానియైన బ్లేజ్ పాస్కల్ (1623-1662) ఈ సంగతిని గూర్చి వ్రాసికొన్న మాటలు ఆయన మరణించిన తరువాత 1670లో అచ్చుపడినవి. ఫ్రాన్సుకును స్పెయిన్‌కును నడుమ పిరెనీసు పర్వతములున్నవి. బిస్కే అఖాతము మొదలు మధ్యధరా సముద్రము వరకు అవి గోడవలె నిలిచియున్నవి. ఆ గోడకు ఈ ప్రక్కన సత్యమని చెల్లునది ఆ ప్రక్కన తప్పని యెంచబడుచున్నదే, ఒక కొండయో ఒక యేరో హద్దుగాగల ఈ న్యాయమేమి న్యాయము అని ఆయన ఎగతాళిగా అడిగెను. ఆయన కాలముననే, 1659లో, ఆ రెండు రాజ్యములును సంధి చేసికొని పిరెనీసు శిఖరములను హద్దుగా నేర్పరచుకొన్నవి. ఆ సంధిని బట్టి సెర్దాన్య అను లోయలోని 33 గ్రామములు ఫ్రాన్సుకు పోయినవి. లీవియా అనునది గ్రామము కాదు, పట్టణము అని వాదించి స్పెయిన్ దానిని నిలుపుకొన్నది. నేటికిని లీవియా నలుదిక్కుల ఫ్రాన్సు నేలయుండగా నడుమ స్పెయిన్ పట్టణముగానే యున్నది. ఒక్క మాటమీద ఒక ఊరివారు ఒక రాజు ప్రజలైరి, ప్రక్క ఊరివారు ఇంకొక రాజు ప్రజలైరి. పాస్కల్ ఎగతాళిలో నిజము లేకపోలేదు.

కొందరు ఈ మాటను పట్టుకొని, "చూచితిరా, న్యాయమనునది వేరుగా లేదు. ఎవరి ఊరి ఆచారము వారికి న్యాయము. కొండకు ఈవల ఒకటి, ఆవల ఒకటి, అంతే" అందురు. చదువుకొన్న యువకులు మాతో ఈ వాదము చేసియున్నారు. ఇది విడిచిపెట్టదగిన మాట కాదు. ఇది నిజమైతే, ఆవలివానికి మనము చేయు దేనినైనను అన్యాయమనుటకు వీలులేదు.

ఈ వాదమునకు జవాబు అదే పిరెనీసు కొండలలో దొరుకుచున్నది. ఫ్రాన్సు వైపున బారెటూ అను లోయయు, స్పెయిన్ వైపున రొంకాల్ అను లోయయు గలవు. ఆ రెండు లోయల పసులకాపరులు పచ్చికకొరకును, నీటి ఊటలకొరకును కొట్లాడుకొని రక్తము చిందించిరి. తుదకు 1375లో మధ్యవర్తులు కూర్చుండి తీర్పు చెప్పిరి. ఆ తీర్పు ప్రకారము బారెటూవారు సంవత్సరమునకు మూడు ఆవులను రొంకాల్ వారికి ఇయ్యవలెను. తమ పసువులకు నీరును మేతయు పొందవలెను. ఆరు వందల సంవత్సరములు దాటినను, ప్రతి సంవత్సరము జూలై 13వ తేదీన, కనుమలోని సరిహద్దు రాతియొద్ద రెండు లోయల పెద్దలును కలిసికొని, రాతిమీద చేతులుంచి శాంతి పలుకుచున్నారు. మూడు ఆవులు ఈ చేతినుండి ఆ చేతికి మారుచున్నవి. రాజులు మారిరి, రాజ్యములు పోయినవి. కాపరుల మాట నిలిచియున్నది.

ఇందులోని సంగతి ఆలోచింపుడి. ఎవరి ఆచారమే వారికి న్యాయమైతే ఈ తీర్పు ఎట్లు సాధ్యమాయెను? బారెటూవారు తమ న్యాయము పట్టుకొని, రొంకాల్ వారు తమ న్యాయము పట్టుకొని కూర్చుండవలసినదే గదా. భాష వేరైనను, రాజు వేరైనను, "ఇది మాకు నష్టము, ఇది మీరు చేసిన తప్పు, ఇది దానికి సరిపోవు వెల" అను మాటలు ఇరువురికిని తెలిసినవి. తెలిసినందువలననే రాజీ కుదిరినది. రెండు వైపుల వారును అంగీకరింపగల కొలత యొకటి యున్నదని ఆ మూడు ఆవులు సాక్ష్యమిచ్చుచున్నవి.

కొలత అనగా ఇంకొక సంగతి జ్ఞాపకము వచ్చుచున్నది. లోకములోని కొండలన్నిటిలో ఎత్తైన ఎవరెస్టు శిఖరము నేపాలు, చైనా దేశముల హద్దుమీద నున్నది. నేపాలువారు చాలకాలము దాని ఎత్తు 8,848 మీటర్లని చెప్పుచు వచ్చిరి. చైనావారు 2005లో కొలిచి, శిఖరము మీది మంచును విడిచి రాతి ఎత్తును మాత్రము లెక్కించి, 8,844.43 మీటర్లనిరి. దక్షిణమున ఒక ఎత్తు, ఉత్తరమున ఒక ఎత్తు. అంతమాత్రమున కొండకు ఎత్తే లేదని ఎవరైన అనిరా? లేదు. నేపాలువారు 2019లోను, చైనావారు 2020లోను తమ మనుష్యులను శిఖరమునకు పంపి మరల కొలిపించిరి. 2020 డిసెంబరు 8న ఇరు దేశములును కలిసి ఎత్తు 8,848.86 మీటర్లని ప్రకటించినవి. లెక్కలు రెండైనను కొండ ఒక్కటే. న్యాయము కూడ అట్టిదే. మన లెక్కలు వేరు కావచ్చును, తప్పు కావచ్చును. లెక్క తప్పినవాడు మరల కొలవవలెను గాని, కొండ లేదనకూడదు.

ఆండీసు కొండలలో కూడ ఇట్టిదే జరిగినది. చిలీ, అర్జెంటీనా దేశములు 1881లో సంధి చేసికొని, నీళ్లను విభాగించు ఎత్తైన శిఖరములే హద్దు అని వ్రాసికొన్నవి. తీరా దక్షిణమునకు పోయి చూడగా, ఎత్తైన శిఖరములు ఒకచోటను, నీళ్లు చీలు చోటు మరియొకచోటను ఉండెను. ఇరువురును యుద్ధమునకు సిద్ధపడి ఓడలు కొనుచుండిరి. తుదకు ఇంగ్లండు రాజైన ఏడవ ఎడ్వర్డును మధ్యవర్తిగా నొప్పుకొని, 1902లో ఆయన చెప్పిన తీర్పును అంగీకరించిరి. దానికి గురుతుగా 1904 మార్చి 13న, హద్దుమీద, దాదాపు 3,800 మీటర్ల ఎత్తున, క్రీస్తు ప్రభువు కంచు విగ్రహమును నిలిపిరి. అయితే విగ్రహము నిలిపినంతమాత్రమున మనస్సులు నిలువవు. 1978లో ఆ రెండు దేశములే దక్షిణపు కొననున్న చిన్న ద్వీపముల నిమిత్తము తిరిగి యుద్ధపు అంచుకు వచ్చి, పోపుగారి మధ్యవర్తిత్వమున శాంతించి, 1984లో సంధి చేసికొన్నవి. ఒకసారి న్యాయముగా కొలిచితిమని ఊరకుండుటకు వీలులేదు. ప్రతి తరమువారును మరల కొలవవలసినదే.

ఇంతవరకు దేశముల సంగతి. ఒక్కొక్క మనుష్యుడు హద్దుమీద నిలువబడినప్పుడు ఏమి చేయవలెను? దీనికి ఆల్ప్సు కొండలను చూడుడి. స్విట్జర్లండుకును ఇటలీకిని నడుమ గ్రేట్ సెంట్ బెర్నార్డు కనుమ 2,469 మీటర్ల ఎత్తున నున్నది. బెర్నార్డు అను సన్యాసి సుమారు 1050లో అచ్చట బాటసారులకు సత్రము కట్టించెను. వెయ్యి సంవత్సరములకు దగ్గరగా అది నిలిచియున్నది. మంచులో చిక్కుకొన్నవారిని వెదకుటకు అచ్చటి సన్యాసులు కుక్కలను పెంచి, ఏ దేశమువారైనను తెచ్చి కాపాడుచు వచ్చిరి.

అదే స్విట్జర్లండు, 1938లో జర్మనీ ఆస్ట్రియాను కలుపుకొనగా ప్రాణభయముతో పారిపోయి వచ్చిన యూదులకు తలుపు మూసెను. 1942 ఆగస్టులో జాతినిబట్టి తరుమబడినవారికి హద్దును పూర్తిగా మూసివేసెను. వేలాదిమంది ప్రాణములు అచ్చట దక్కిన మాట నిజము. వేలాదిమంది హద్దునుండి మరలగొట్టబడిన మాటయు నిజము. ఆ దేశమువారే తరువాత విచారణ సంఘము నేర్పరచి ఈ సంగతిని ఒప్పుకొని వ్రాసికొనిరి. ఆ దినములలో సెంట్ గాలెన్ ప్రాంతమున పాల్ గ్రూనింగర్ అను పోలీసు అధికారి యుండెను. నిషేధమునకు ముందే వచ్చినట్లుగా కాగితములమీద తేదీలు వేయించి అతడు అనేకులను లోనికి రానిచ్చెను. 1939లో అతని ఉద్యోగము తీసివేసిరి. 1940లో న్యాయస్థానము అతనిని దోషియనెను. అతడు పేదరికములో బ్రతికి 1972లో చనిపోయెను. 1995లో సెంట్ గాలెన్ న్యాయస్థానమే ఆ తీర్పును త్రోసివేసి అతడు నిర్దోషియని చెప్పెను. తప్పు తేదీ వ్రాయుట మంచిదా అని మీరడుగుదురు. ఆ ప్రశ్న తేలికైనది కాదు. అబద్ధమును మేము పొగడము. అయితే రెండు ప్రక్కల ఏమున్నదో చూడవలెను. ఒక ప్రక్క కాగితము మీది తేదీ, ఒక ప్రక్క మనుష్యుల ప్రాణము. తప్పుగా తూచినది ఆ అధికారి కాదని తెలిసికొనుటకు అతని దేశమునకు 55 సంవత్సరములు పట్టెను.

ఇవి దూరపు సంగతులు. దూరపు కొండలను గూర్చి నీతి చెప్పుట సుళువు. ఇక దగ్గరి కొండకు వత్తము.

మా గ్రామము తూర్పు కనుమల అడుగున నున్నది. ఈ కనుమలు ఒడిశా నుండి ఆంధ్రదేశము మీదుగా తమిళనాడు వరకు సాగుచున్నవి. మహానది, గోదావరి, కృష్ణ, పెన్న నదులు వీటిని కోసికొని సముద్రమునకు పోవుచున్నవి. మా తట్టున కొండకు ఆవల ఒడిశా, ఈవల ఆంధ్రము. నాగావళి, వంశధార నదులు ఒడిశా కొండలలో పుట్టి, శ్రీకాకుళము నేలను తడిపి బంగాళాఖాతములో కలియుచున్నవి. సాలూరుకు పైన కోటియా గ్రామములని ఇరువదికి పైగా కొండ గ్రామములున్నవి. అవి ఏ రాష్ట్రమునకు చెందినవో ఇప్పటికిని తేలలేదు. 1968లో ఆ తగవు సుప్రీంకోర్టునకు పోయెను. 2006లో ఆ వ్యాజ్యము ముగిసినను తగవు ముగియలేదు. 2021లో పంచాయతీ ఎన్నికలప్పుడు మరల కోర్టుకెక్కెను. అచ్చటివారిలో పలువురు రెండు రాష్ట్రముల కార్డులును చేతపట్టుకొని బ్రతుకుచున్నారు. హద్దు ఎక్కడనో తెలియకున్నను, ఆకలి ఎక్కడనో వారికి తెలియును.

కొండమీది జాతాపులు, సవరలు వారమునకొకమారు మా సంతకు దిగి వత్తురు. చింతపండు, కొండచీపుర్లు, పసుపు, కందులు తెత్తురు. కొందరు షావుకార్లయొద్ద రెండు కుంచములుండుట మేము చిన్ననాటినుండి ఎరుగుదుము. కొనుటకు పెద్దది, అమ్ముటకు చిన్నది. ఇట్టి మోసము నుండి కొండవారిని తప్పించుటకే 1956లో ప్రభుత్వము గిరిజన సహకార సంస్థను పెట్టినది. ఇప్పుడు కాటాలు వచ్చినవి గాని, "కొండవానికి అదే చాలును" అను మాట ఇంకను సంతలో వినబడుచున్నది. ద్వితీయోపదేశకాండమున, సంచిలో రెండు విధముల తూనికరాళ్లును, ఇంటిలో రెండు విధముల కొలతపాత్రలును ఉంచుకొనకూడదని ఇయ్యబడిన ఆజ్ఞను ఆధారము చేసికొని, ఆ సంతకు ముందటి మాసముననే మేము సంఘములో గట్టిగా ప్రసంగించితిమి. ముందు వరుసలో ఎవరు కూర్చుండియుండిరో మాకు తెలియును. వారి మొగము చూచుచునే ప్రసంగించితిమి.

ఇప్పుడు మా సంగతి. ఆ సంత దినమున ప్రొద్దు గ్రుంకుచుండగా ఒక కొండ స్త్రీ తట్టెడు చింతపండుతో మా గుమ్మము ముందుకు వచ్చెను. సంతలో అమ్ముడుపోలేదు. ఆరు వందలు చెప్పెను. మేము మూడు వందలకు అడిగితిమి. ఆమె ఆకాశమువైపు చూచి, కొండవైపు చూచి, "సీకటడిపోతంది బాబూ, ఏదో ఒకటి ఇచ్చేయండి" అనెను. మూడు వందల యాబది ఇచ్చితిమి. ఆమె ఖాళీ తట్ట తలమీద పెట్టుకొని గబగబ నడిచిపోయెను. మంచి బేరము చేసితిమని లోనికి వచ్చి మా ఇంటామెతో చెప్పితిమి. ఆమె చింతపండు చేతితో తీసి చూచి, మెల్లగా ఇట్లనెను:

"ఏమండీ, ఇదే మన వీధి మనిషి తెస్తే మూడు వందల యాభైకి అడగగలరా మీరు?"

మేము జవాబు చెప్పలేదు.

"షావుకారు కుంచంతో తీసుకున్నాడు. మనం చీకటితో తీసుకున్నాం. అంతే కదండీ తేడా?"

చదువరులారా, ఆ సాయంకాలమే ఆ చిన్నవాడు మా అరుగుమీద కొండల పేర్లు వల్లించినది.

ఇక్కడ ఒక ఆక్షేపణ వచ్చును. దానిని దాటిపోకూడదు. "దగ్గరివారిని ముందు చూచుకొనుట తప్పా? తండ్రి తన బిడ్డకు పెట్టిన తరువాతనే పొరుగు బిడ్డకు పెట్టును. తన ఊరివారిని కాదని కొండ ఆవలివారిని ఆదుకొమ్మని ఎవరు చెప్పుదురు?" అందురు. ఈ మాటలో సత్యమున్నది. మన చేయి చిన్నది, లోకమంతటికి చాలదు. ఎవరు మనకు అప్పగింపబడిరో వారిని ముందు పోషించుట ధర్మమే. కాని ఇందులో రెండు సంగతులు కలిసిపోయినవి, వాటిని విడదీయవలెను. ఒకటి ఇచ్చుట, రెండవది తూచుట. ఇచ్చుటలో వరుస యుండవచ్చును. ముందు బిడ్డకు, తరువాత బంధువునకు, తరువాత పొరుగువానికి ఇయ్యవచ్చును. తూచుటలో వరుస లేదు. బిడ్డకు సరియైన తూకము, పరదేశికి తప్పు తూకము అను న్యాయము ఎక్కడను లేదు. ఆ కొండ స్త్రీ మాయొద్దకు దానమునకు రాలేదు. తన సరకునకు తగిన వెల అడిగెను. ఆమెకు మేము బాకీపడినది దయ కాదు, న్యాయము. దయకు దూరము అడ్డమని చెప్పుకొనవచ్చును గాని, గుమ్మములో నిలిచిన మనిషికి చేయవలసిన న్యాయమునకు ఏ కొండ అడ్డము?

యోహాను సువార్తలో సమరయ స్త్రీ అడిగిన ప్రశ్న కూడ కొండను గూర్చినదే. మా పితరులు ఆరాధించినది ఈ గెరిజీము కొండమీద, మీరేమో యెరూషలేమనుచున్నారు, ఏది నిజమని ఆమె భావము. ప్రభువు ఆ కొండకును ఈ పట్టణమునకును కట్టుబడని కాలము వచ్చుచున్నదని చెప్పెను. దాహముగొని ఆమె చేతి నీళ్లు అడిగినది కూడ ఆయనే. యూదులు సమరయులతో సాంగత్యము చేయని దినములలో ఆయన ఆ పని చేసెను. ముందు ఆమె కుండకు విలువ యిచ్చి, తరువాత కొండ ప్రశ్నకు జవాబిచ్చెను.

పిల్లవానికి ఆనాడు మేము చెప్పక విడిచిన సంగతి యొకటి గలదు. తరువాత చెప్పితిమి; మీకును చెప్పెదము. కొండలు ఎట్లు లేచినవో నేటి భూగర్భశాస్త్రజ్ఞులకు బాగుగా తెలిసియున్నది. మన భారతదేశపు నేల ఒకప్పుడు ఆసియాకు వేరుగా దూరముగా నుండెను. అది మెల్లమెల్లగా ఉత్తరమునకు జరిగి, దాదాపు 5 కోట్ల సంవత్సరముల క్రిందట ఆసియా నేలకు తగిలి దానితో కలిసెను. ఆ కలయికలో నలిగి ముడుతలుపడి పైకి లేచినదే హిమాలయము. ఇప్పటికిని లేచుచున్నది. నడుమనున్న సముద్రము మూసికొనిపోయెను. ఎవరెస్టు శిఖరపు సున్నపురాతిలో సముద్రజీవుల గురుతులు కనబడుచున్నవి. ఆఫ్రికా వైపు నేల ఐరోపాను ఒత్తగా ఆల్ప్సు లేచినవి. స్పెయిన్ నేల ఫ్రాన్సు నేలను ఒత్తగా పిరెనీసు లేచినవి. యూరల్ పర్వతములును రెండు భూఖండములు కలిసిన చోటే. మన తూర్పు కనుమలు వీటన్నిటికంటె ముసలివి. వాటి రాళ్లకు తోడు రాళ్లు తూర్పు అంటార్కిటికాలో నున్నవి. ఆ రెండు నేలలును ఒకప్పుడు కలిసియుండెను.

కాబట్టి హద్దు అని మనము చూపించు ఈ కొండలలో అనేకములు వాస్తవముగా అతుకులు. రెండు గుడ్డలను కలిపి కుట్టినచోట కుట్టు ఉబ్బుగా నుండును గదా. ఆ ఉబ్బును చూచి ఇది చిరిగిన చోటు అనువాడు గుడ్డను ఎరుగనివాడు. ఇది ఉపమానము మాత్రమే. రాళ్లు మనకు నీతిని ఆజ్ఞాపింపలేవు. కొండ అతుకైనను కాకపోయినను ఆవలివాడు మనిషే. అయినను, "ప్రకృతియే మనలను వేరుచేసినది" అని చెప్పుకొనువారి నోట ఈ సాకు ఇక చెల్లదు.

మా సంగతి ముగింపవలెను. మరుసటి వారము సంతలో ఆ స్త్రీని వెదకితిమి, రాలేదు. ఆ పై వారమును రాలేదు. ఆమె పేరు, ఊరు మేము అడిగి తెలిసికొననేలేదని అప్పుడు మాకు తోచెను. పదిమాటలు బేరమాడితిమి గాని, ఒక్క మాట పేరు అడుగలేదు. మూడవ వారమున చీపుర్ల కట్టతో కనబడెను. మిగిలిన రెండు వందల యాబది ఆమె చేతిలో పెట్టి, తక్కువ ఇచ్చితిమని చెప్పితిమి. ఆమె నమ్మలేదు. నోట్లు తిప్పి చూచెను. ఏదో పని చెప్పుటకు ముందుగా ఇచ్చుచున్నామని యెంచి, "ఏటి సెయ్యాల బాబూ?" అని అడిగెను. ఏమియు చేయనక్కరలేదు, ఇది నీదే అని రెండుమారులు చెప్పవలసివచ్చెను. అప్పుడామె కొంతసేపు లెక్క చూచుకొని, ఒక యాబది నోటు తిరిగి మా చేతిలో పెట్టి, ఆనాటి చింతపండు కొంత తడిసియుండెనని, ఆరు వందలకు తగదని, తానే ఎక్కువ చెప్పితినని అనెను.

ఆ యాబది రూపాయల నోటును మేము మా బైబిలులో ద్వితీయోపదేశకాండము నొద్ద పెట్టుకొని యున్నాము. తప్పుతూనికలను గూర్చి ప్రసంగము వ్రాయుటకు కూర్చుండినప్పుడెల్ల దానిని తీసి ముందు పెట్టుకొందుము. కొండకు ఆవల న్యాయము మారునా అని మేమడిగితిమి. అది మారలేదు. కొండకు ఈవల మాయొద్ద తప్పిపోయినది, ఆవలనుండి తట్టతో దిగివచ్చి మా చేతికి తిరిగి వచ్చెను.

మీ ఊరి ప్రక్కనను కొండయో, ఏరో, ఒక వీధియో ఉండకపోదు. దానికి ఆవలివారి పేరు మీకు తెలియునా? వారికి మీరు ఏ కుంచముతో కొలుచుచున్నారు? ఈ మాసమున ఒకమారు తీసి చూచుకొందము.